రెండో నంబరు

వినయ్‌కి పెళ్ళి చేసి వేరు కాపురం పెట్టించినా ఉమాశ్రీకి ఒరిగిందేమీ లేదు. ఆదివారం వచ్చేసరికి తమ్ముడు నార్సింగిలోని అక్క ఇంట్లో, పెనం పక్కనే తేలతాడు.

"మా ఆవిడ హరిత పోస్తే దోసె గుండ్రంగా వస్తుందక్కా. నీది వంకరగా వచ్చినా బాగుంటుంది."

పొగిడాడో తిట్టాడో ఆమె తేల్చుకునేలోపు నాలుగు దోసెలు లోపలికి పోతాయి.

ఆ ఆదివారం మాత్రం రెండో దోసె దగ్గరే వినయ్ చెయ్యి ఆగింది.

టీవీలో శ్యామ్ ఫొటో. 'యువ హీరో కన్నుమూత. మూడు రోజులుగా విషజ్వరం...'

ఇరవై తొమ్మిదేళ్ళు. మూడు సినిమాలు. మొదటిది ఆడింది. రెండోది ఆడిందని పోస్టర్లు చెప్పాయి. మూడోది ఇంకా విడుదల కాలేదు.

ఈ ఇంట్లో ఎవరూ ఒక్కటీ చూడలేదు.

ఒకప్పుడు శ్యామ్ కూడా ఈ బల్ల దగ్గర తిన్నవాడే. నానక్‌రామ్‌గూడ హాస్టల్లో వినయ్‌తో ఒకే గది. ఆఫీసులు వేరైనా సినిమా పిచ్చి ఒకటే. ఇద్దరూ కలిసే ఆడిషన్‌కి వెళ్ళారు. వినయ్ ఆఫీసులో ఫోన్లు లాకర్లో పెట్టి లోపలికి పోవాలి. అందుకని ఆడిషన్ కాగితంలో తన నంబరు బదులు శ్యామ్ నంబరు రాసిచ్చాడు.

వారం తర్వాత శ్యామ్ వచ్చి, చెప్పులు కూడా విప్పకుండా ఈ ఇంటి గుమ్మంలోనే నిలబడ్డాడు.

"నిన్నే హీరోగా అనుకున్నార్రా. ఫోన్ చేస్తే నీకిష్టం లేదని చెప్పినా. వేషం నాకిచ్చినారు."

అంతే. ఆరేళ్ళయింది.

"మదీనాగూడలో వాళ్ళ ఇంటి దగ్గర ఉంచినారంట. పన్నెండింటికి తీసుకుపోతారు," అంటూ వినయ్ చెయ్యి కడుక్కున్నాడు. "ఒక్కసారి చూసొస్తానక్కా."

"ఎవర్ని? నా చేతి కూడు తిని, నీ నోటి దగ్గరది లాక్కున్నోణ్ణా?"

"మనిషే పోయినాడు కదక్కా."

"పోతే చేసింది చెరిగిపోతుందా? కూర్చో. ఇంకో దోసె పోస్తా."

వినయ్ కూర్చున్నాడు.

"నిజమేలే. సారీ కూడా చెప్పలేదు వాడు."

ఉమాశ్రీ భర్త రామాంజనేయులు పేపరు దించాడు. అరగంటగా అదే పేజీ.

"పోనీ ఉమా, వాణ్ణి."

"మీరు ఊరుకోండి. మీకు జాలెక్కువ."

"జాలి కాదు."

పదకొండు దాటింది. రామాంజనేయులు లేచి కారు తాళాలు తీసుకున్నాడు.

"వినయ్, లెయ్. నేను తీసుకుపోతా."

"మోసగాడి దగ్గరికి నేను రాను బావా."

"వాడు మోసం చెయ్యలేదురా."

పెనం మీద దోసె మాడుతోంది. ఉమాశ్రీ తిరిగి చూసింది.

"ఆ ఆడిషన్ కాగితంలో శ్యామ్ నంబరు కింద నా నంబరు గూడా రాసినావు కదా. శ్యామ్ ఎత్తలేదని సినిమా వాళ్ళు నాకు చేసినారు. అప్పుడే హరిత వాళ్ళ సంబంధం ఖాయం అవుతాంది. ఉద్యోగం వదిలేస్తావేమో అని భయపడి, నీకిష్టం లేదని చెప్పేసినా."

వినయ్ టీవీలోని శ్యామ్ ఫొటో వైపు తిరిగాడు.

"తర్వాత వాళ్ళు వేషం శ్యామ్‌కిచ్చి, సంగతి చెప్పినారు. వాడు నీ కోసం వాళ్ళ ఆఫీసుకు పోయి బతిమాలినాడు. వాళ్ళు వినలే. నేరుగా నా దగ్గరికొచ్చినాడు."

"మరి మీ తప్పు వాడెందుకు నెత్తినేసుకున్నాడు?" ఉమాశ్రీ పొయ్యి కట్టేసింది.

"నీకు తెలిస్తే ఇంక నా ముఖం చూడవని ఏడ్చినా. 'నేను బయటోణ్ణి బావా, నాతో మాట్లాడకపోతే వాళ్ళ ఇల్లు పడిపోదు, మీరు ఇంటోళ్ళు' అన్నాడు."

రామాంజనేయులు గోడకు చెయ్యి ఆనించాడు.

"తప్పు నాది ఉమా. ఆరేళ్ళు మోసింది ఆ పిల్లోడు."