తీపి కారం పల్లీలు

కళావతి తెచ్చిన తీపి కారం పల్లీలను టాకీసు క్యాంటీన్ మేనేజర్ ఆనందరావు నాలుగు నమిలి, రుచి బాగుందన్నాడు.

ఆ తర్వాత పొట్లం విప్పి చూపించాడు. పొద్దున కట్టిన పల్లీలు మ్యాట్నీ వేళకే ముద్దగా అతుక్కుపోయాయి.

ఆదివారం మళ్ళీ తెమ్మన్నాడు. ఈసారి విడివిడిగా ఉంటే రోజూ తీసుకుంటానన్నాడు.

కళావతి సరేనని వచ్చేసింది. ఆమెకు బెరుకు లేదు. శాలిబండలో తన చేతి పల్లీలు తిని మళ్ళీ అడగని ఇల్లు లేదని ఆమెకు తెలుసు.

అది 1974 ఎండాకాలం. భర్త ప్రహ్లాద్ పనిచేసే మిల్లు మూతపడి నాలుగు నెలలైంది. ఈ ఆర్డర్ వస్తే ఇల్లు గడుస్తుందని, వచ్చి తీరుతుందని అతనికి గట్టిగా చెప్పింది.

మర్నాడు పొద్దున్నే అరుగు మీద కిరోసిన్ స్టవ్వు వెలిగించింది. పాకం పట్టి, వేయించిన పల్లీలు పోసి, కారం చల్లి తిప్పుతుంటే గల్లీలో పోతున్న ఒక ముసలాయన దగ్గుతూ ఆగాడు.

మంచినీళ్ళు అడిగాడు. ఇచ్చింది. తాగాక కూడా కదల్లేదు. మూకుడు వైపే చూస్తున్నాడు.

“కారం పొయ్యి మీద ఉండంగ వెయ్యకు బిడ్డా. మాడి చేదెక్కుతది. దించినంక వెయ్యి.”

కళావతికి ఒళ్ళు మండింది.

“మా అత్త నేర్పిన పని తాతా ఇది. నువ్వేం ఫికర్ పడకు.”

ముసలాయన నవ్వి, చెంబు అరుగు మీద పెట్టి వెళ్ళిపోయాడు.

మరుసటి రోజు మళ్ళీ వచ్చాడు. ఈసారి నీళ్ళు కూడా అడగలేదు. అరుగు చివర కూర్చుని, పాకం ఇంకా లేతగా ఉందన్నాడు. చుక్క తీసి నీళ్ళలో వేస్తే గట్టిపడి టక్కున విరగాలని, అప్పుడే పల్లీలు పోయాలని చెప్పాడు. ఉప్పుకు చెమ్మ పడుతుంది కాబట్టి ముందే వేయించి పెట్టుకోమన్నాడు. పూర్తిగా చల్లారేదాకా పొట్లం కట్టొద్దన్నాడు.

కళావతి విననట్టే తిప్పుతోంది. చివరికి గరిటె పక్కన పెట్టి, ఇంత తెలిసినవాడివి నువ్వే ఈ పని చేసుకోరాదా అని అడిగేసింది.

ముసలాయన మోకాళ్ళ మీద చేతులాన్చి మెల్లగా లేచి వెళ్ళాడు.

శుక్రవారం చేసినవి కూడా సాయంత్రానికి అతుక్కున్నాయి.

శనివారం కళావతి స్టవ్వు లోపలికి మార్చింది. ఎవరూ చూడకుండా పాకం చుక్క నీళ్ళలో వేసింది. మెత్తగా సాగింది. ఇంకాసేపు ఉంచి మళ్ళీ వేసింది. గాజుముక్కలా విరిగింది.

పల్లీలు పోసి ఆపకుండా తిప్పింది. మూకుడు దించాకనే వేయించిన ఉప్పు, కారం చల్లింది. పళ్ళెంలో పలచగా పరిచి, గింజకు గింజ విడదీసింది. చల్లారాక గుప్పెడు తీసి వదిలితే గలగలమన్నాయి. సాయంత్రమైనా ఒక్కటీ అతుక్కోలేదు. ముందు తీపి తగిలి, వెనక నుంచి కారం వచ్చి నాలుక మీద నిలబడుతోంది.

ప్రహ్లాద్ ఒక గుప్పెడు తిని, ఇట్లా చేయమని ఎవరు చెప్పారని అడిగాడు.

“ఎవలు జెప్పాలె? నాకే తట్టింది,” అంది కళావతి.

తల తిప్పేసరికి గుమ్మం ముందు ముసలాయన నిలబడి ఉన్నాడు. ఆ మాట విన్నాడో లేదో తెలియలేదు. ఆమె తడబాటు కనపడనివ్వకుండా నాలుగు పల్లీలు తెచ్చి ఆయన చేతిలో పోసింది.

ఆయన ఒకటి నోట్లో వేసుకుని, కళ్ళు మూసుకుని నమిలాడు.

“ఇగ ఎక్కడికైనా తీస్కపో బిడ్డా. నీ చెయ్యి కుదిరింది.”

అట్లా అని వెళ్ళినవాడు మళ్ళీ రాలేదు.

ఆదివారం ఆర్డర్ వచ్చింది. దసరా నాటికి కళావతి ఇంట్లో రెండు స్టవ్వులు మండుతున్నాయి. గల్లీలోని ఇద్దరు ఆడవాళ్ళకు పని దొరికింది. మిల్లు తెరిచినా ప్రహ్లాద్ తిరిగి వెళ్ళలేదు. సైకిల్ మీద మూడు టాకీసులకు పొట్లాలు చేరవేసే పనే అతనికి సరిపోతోంది.

అందరూ ఆమె తెలివిని మెచ్చుకుంటున్నారు. మెచ్చుకున్న ప్రతిసారీ కళావతికి లోపల ఏదో గుచ్చుకుంటోంది. ముసలాయన కోసం గల్లీ గల్లీ అడిగింది. ఎవరూ ఎరగమన్నారు.

ఒకరోజు పొట్లాలు ఇవ్వడానికి తనే క్యాంటీన్‌కు వెళ్ళి, ఆనందరావుకు జరిగిందంతా చెప్పేసింది. ఈ పనితనం తనది కాదని మొదటిసారి పైకి అంది. తెల్ల ధోవతి, ఆగని దగ్గు, వేళ్ళ నిండా కాలిన మచ్చలు, అట్లాంటి మనిషిని ఎక్కడైనా చూశారా అని అడిగింది.

ఆనందరావు కళ్ళద్దాలు తీసి బల్ల మీద పెట్టాడు.

“ధూల్‌పేట్ దుర్గయ్య. పోయిన నెలనే పోయిండమ్మా.”

కళావతి గంప కింద పెట్టి, అక్కడే బెంచీ మీద కూర్చుండిపోయింది. నువ్వు చెప్పిందే చేసిన తాతా అన్న ఒక్క మాట ఆ రోజు నోట రానందుకు కళ్ళు నిండాయి. కొంగుతో కళ్ళు తుడుచుకుని, ఆయన మీకెట్లా తెలుసని అడిగింది.

“ఇరవై ఏండ్లు ఈ క్యాంటీన్‌కు పల్లీలు ఇచ్చింది ఆయననే,” అన్నాడు ఆనందరావు. “ఆయన దగ్గర బంద్ జేసి శాలిబండ కళావతికి ఇద్దామనుకుంటున్నా అని చెప్పిన నాడు లొల్లి గిట్ల ఏం చెయ్యలేదమ్మా, నీ ఇల్లు ఎక్కడని ఒక్క మాట అడిగి పోయిండు.”