కౌన్సిలర్ గారి క్లినిక్

క్లినిక్ అన్న మాట విని లోపల డాక్టరే ఉన్నాడనుకున్న ఎడిల్సన్, ప్యాంటు పైకి మడిచి, వాచిన కాలు తీసి బల్ల మీద పెట్టేశాడు.

ఫెస్టీ హెనెహన్ కళ్లజోడు సర్దుకుని ఆ కాలును శ్రద్ధగా చూశాడు. "నాయనా, నేను కౌన్సిలర్ని. నా దగ్గర కాలుకి వైద్యం లేదు, కాలువకైతే ఉంది. మీ వీధిలో మురుగేమైనా పొంగిందా?"

"లేదండీ. మోకాలే పొంగింది."

"మందు కావాలంటే బయట కౌంటర్లో మాటీ పోస్తాడు. కాకపోతే అది మోకాలికి దిగదు, తలకెక్కుతుంది."

పబ్బులో అందరూ గొల్లున నవ్వారు. మాంసం ఫ్యాక్టరీలో పనికి బ్రెజిల్ నుంచి ఈ మధ్యే ఐర్లండ్‌లోని ఈ గోర్ట్ ఊరికి వచ్చిన మనిషి, అతనికేం తెలుసు? శనివారం పూట పబ్బు వెనకగదిలో కూర్చుని జనం గోడు వినడాన్ని ఇక్కడి కౌన్సిలర్లు క్లినిక్ అంటారు.

ఫెస్టీది ఎర్రజెండా. కుర్రతనంలో కార్మిక సంఘం పెట్టి ఉన్న ఉద్యోగం ఊడగొట్టుకున్నాడు. అతనికి ఓటేస్తే నరకమేనని ఫాదర్ చర్చిలో ప్రకటిస్తే, "అక్కడ వేడినీళ్లయినా ఉంటాయి, మన కౌన్సిల్ ఇళ్లలో అవీ లేవు" అన్నాడు. ఇక్కడ ఓటరు అభ్యర్థుల పేర్ల పక్కన ఒకటి, రెండు, మూడు అని వరసగా అంకెలు వేస్తాడు. మొదటి అంకెవాడికి అక్కర్లేకుండా మిగిలిన ఓటు రెండో అంకెవాడికి పోతుంది. ఊరు భయపడి మొదటి అంకె పెద్ద పార్టీలకు వేసి, మనసుపడి రెండోది ఫెస్టీకి వేసేది. ఆ రెండో ఓట్లతోనే అతను ప్రతిసారీ ఒడ్డెక్కేవాడు.

ఎడిల్సన్ కుంటుకుంటూ వెళ్లాక డెలియా వచ్చి కూర్చుంది.

"చెప్పండి మిసెస్, ఏమిటి కష్టం?"

"మా ఆయన, కౌన్సిలర్ గారూ."

"తాగుతాడా?"

"టీ తాగుతాడు. తాగానని మర్చిపోయి మళ్లీ తాగుతాడు." నవ్వబోయింది గానీ కుదరలేదు. "పొయ్యి వెలిగించి వెళ్లిపోతాడు. మొన్న తెల్లారేసరికి చెప్పులు కూడా లేకుండా పెద్దరోడ్డు మీద దొరికాడు. ఇంటికి తీసుకొస్తే, నువ్వెవరని నన్నే అడిగాడు."

"అయ్యో! కట్టుకున్న భార్యనా?"

"ఆయనకి నేనెప్పుడూ రెండో ఓటునే లెండి. మొదటిది ఊరికి. ఇప్పుడు ఆ రెండూ చెల్లకుండా పోయాయి."

"డాక్టరేమన్నాడు?"

"ఆసుపత్రిలో వృద్ధుల వార్డులో మంచం ఖాళీగా ఉందట. సోమవారంలోగా చెప్పకపోతే ఇంకొకరికి ఇచ్చేస్తారట. నాకా, ఆయన్ని రాత్రీపగలూ కనిపెట్టుకుని ఉండే ఓపిక లేదు. కానీ అది ఒకప్పటి అనాథల కొంప కదండీ. మనిషిని పారేసొచ్చానంటారు. ఆయన నోటితో ఆయనే సరేననకపోతే నేను పంపలేను. ఇంట్లో అడిగితే అరుస్తాడు."

"పారేయడమా?" ఫెస్టీ బల్ల మీద గుద్దాడు. "ఆ వార్డు మూసేస్తామన్నప్పుడు గేటుకడ్డంగా వానలో కూర్చున్నది మేం! పోలీసులు చెరో కాలూ పట్టుకుని ఈడ్చారు. ఎందుకు కూర్చున్నాం? గేటు బాగుందనా? అది ఎవరో పెట్టే ధర్మం కాదమ్మా, కష్టపడి బతికినవాడి హక్కు. మీ ఆయన పని చేసిన మనిషేనా?"

"చేశాడండీ. తనకోసం తప్ప అందరికోసం చేశాడు."

"అయితే ఆ మంచం ఆయనదే. మీరు రోజూ వెళ్లి చూడొచ్చు, పక్కన కూర్చోవచ్చు. మీరు మంచాన పడితే ఆయన్ని చూసేదెవరు?"

"ఆయన స్థానంలో మీరుంటే వెళ్తారా?"

"నేనా? నవ్వుకుంటూ వెళ్తాను," అన్నాడు ఫెస్టీ. "నా భార్యను అంత అవస్థ పెడతానా?"

డెలియా ముఖం పక్కకు తిప్పుకుంది. భుజాలు కదిలాయి. ఫెస్టీ కంగారుగా తన రుమాలు అందించాడు.

"ఊరుకోండి మిసెస్. పదండి, ఆయనతో నేనే మాట్లాడతాను. నేను చెబితే వింటాడు." కోటు తగిలించుకుని ఆమె వెంట బయటి గదిలోకి వచ్చాడు.

అక్కడ నవ్వులు ఆగిపోయాయి. మాటీ గ్లాసు తుడవడం ఆపి, "ఒప్పుకున్నాడా, డెలియా?" అన్నాడు మెల్లగా.

"ఒప్పుకున్నాడు."

డెలియా ఫెస్టీ వైపు తిరిగి, తన భర్త కోటుకు గుండీలు పెట్టింది.