పాటలో లేని గిటారు

"ఏదిరా నీ గిటారు?"

మొదటి పాట అయిపోయింది. స్టాన్ హాల్లో సోఫాలో కూర్చుని, అన్నం డబ్బా ఒళ్లో పెట్టుకుని కొడుకు లైల్ మొహంలోకి చూస్తున్నాడు. కార్ల ఫ్యాక్టరీలో షిఫ్టు దిగి, చేతులకు నూనె మరకలతో అలాగే వచ్చాడు. లైల్ బతిమాలాడు కాబట్టి వచ్చాడు గానీ, బాండు కుర్రాళ్లంతా కలిసుండే ఈ జులపాల వెధవల కొంపలో కాలు పెట్టే మనిషి కాదు.

లైల్ గిటారు వాయించే గ్రావెల్ డీకన్స్ బాండు మొదటి రికార్డు నిన్న పోస్టులో వచ్చింది. నాన్న వచ్చేదాకా లైల్ దాని మీద ఎవరినీ సూది పెట్టనివ్వలేదు. రికార్డు వినిపించాక ఎదురుగా వాయించి చూపించాలని, అందరూ లేవకముందే సెల్లారులో తన గిటారుకి రెండో స్పీకరు పెట్టె కూడా తగిలించాడు, వైరు కోసం ఇల్లంతా వెతికి మరీ.

"ఇంకోసారి పెట్టు బెర్నీ," అన్నాడు లైల్.

డ్రమ్ములు వాయించే బెర్నీ సూది మళ్లీ మొదట్లో పెట్టి సౌండు పెంచాడు. పాటలు పాడే రోస్కో గొంతు వచ్చింది. రోస్కో మౌతార్గాన్ వచ్చింది. డ్రమ్ములు దడదడలాడాయి. సీసా మెడ వేలికి తొడుక్కుని, తీగల మీద జారుస్తూ లైల్ ప్రాణం పెట్టి ఏడిపించిన గిటారు మాత్రం ఎక్కడా లేదు.

లైల్ రోస్కో వైపు తిరిగాడు. "మిక్సింగుకి షికాగో వెళ్లింది నువ్వొక్కడివేగా?"

"అయితే? నేను విన్నప్పుడు నీ గిటారు ఉందిరా, ఒట్టు! స్టీరియోలో, స్టేజీ మీద నిలబడ్డట్టే నిన్ను ఎడమ వైపు, నన్ను కుడి వైపు పెట్టాడు ఇంజనీరు."

"ఎడమ వైపు పెట్టాడా, ఎత్తి బయట పారేశాడా? నువ్వే చెప్పి పీకించావు కదరా!"

"నోరు జాగ్రత్త. పీకిస్తే నాకేం ఒరుగుతుంది?"

"పాటంతా నీ గొంతే. ఇంకేం ఒరగాలి?"

బెర్నీ మధ్యలోకి వచ్చాడు. "ఆగండ్రా బాబూ! కంపెనీకి ఫోన్ చేసి కనుక్కుందాం. రేపు డెట్రాయిట్లో ప్రోగ్రాం ఉంది, అదైనా గుర్తుందా?"

స్టాన్ పగలబడి నవ్వాడు. "ఫోనెందుకు? వీడు వాయించి ఉంటే కదా వినబడేది! ఇన్నాళ్లూ వాళ్లమ్మ దగ్గర కోతలు కోశాడు. ఒరేయ్, సోమవారం నాతో ఫ్యాక్టరీకి రా. ఫోర్‌మన్‌తో మాట్లాడే ఉంచాను."

కోపం తండ్రి మీద వచ్చింది, దెబ్బ రోస్కోకి తగిలింది. పెదవి చిట్లింది. మౌతార్గాన్ ఆనించే పెదవి అది.

రోస్కో నెత్తురు తుడుచుకున్నాడు. "నిజం చెప్పనా? నువ్వు లేకుండానే పాట బావుంది."

ఆ మాటతో గ్రావెల్ డీకన్స్ పని అయిపోయింది. పుట్టి పద్నాలుగు నెలలు, చేసింది ఒక్క రికార్డు. రావడం లేదని డెట్రాయిట్ వాళ్లకు ఫోన్లో చెబుతూ బెర్నీ పసివాడిలా ఏడ్చేశాడు.

సెల్లారులో లైల్ పళ్లు కొరుకుతూ సామాను సర్దుకున్నాడు. "జన్మలో మళ్లీ వాడి మొహం చూడను," అని అప్పటికి నాలుగోసారి అన్నాడు. స్టాన్ హుషారుగా సాయం పట్టాడు. కొడుకు దారికొచ్చాడని ఆయన సంబరం. రెండో పెట్టె వెనక నుంచి వైరు పీకి మోచేతికి చుట్టసాగాడు.

"ఈ వైరు కూడా ట్రక్కులో వెయ్యనా?"

"వద్దు నాన్నా. ఆ దొంగల సొత్తు నాకెందుకు? అక్కడే పడెయ్."

"నీది కాదూ?"

"కాదు, పొద్దున హాల్లో ఎడమ స్పీకరుది ఊడబీకాను."