నడవ పక్క కుర్చీ

అరువు కెమెరాతో తీసిన నా మొదటి సినిమా అయిపోయింది. కైరోలోని ఆ చిన్న హాలు ఖాళీ అయినా, నడవ పక్క కుర్చీలోంచి దర్శకుడు వగ్దీ కదల్లేదు. పదేళ్ల కిందట, పత్రికలో ఆయన సినిమాను చీల్చి చెండాడింది నేనే.

"పగ తీర్చుకోడానికొచ్చారా, ఉస్తాద్?"

"నువ్వెప్పుడూ ఈ కుర్చీలోనే కూర్చునేదానివి కదమ్మా రద్వా, మధ్యలో లేచిపోవడానికి వీలుగా."

"నేను ఏ సినిమా వదిలేసి పోలేదు!"

"నా సినిమాలో జాలరి ఊరొదిలి పోయాడని రాశావు. చివరి పది నిమిషాల్లో తిరిగొచ్చాడు. అప్పటికి నువ్వు బయట టీ తాగుతున్నావు."

నేను ఆయన పక్క కుర్చీలో కూర్చున్నాను.

"నీ సినిమా మాత్రం తెర మీద ఆఖరి పేరు పడేదాకా చూశాను. అందుకే ధైర్యంగా చెబుతున్నా. చెత్తగా ఉంది."

ఆయన తలుపు తీశాడు.

"ఉస్తాద్," అన్నాను. "జాలరి ఎవరి కోసం తిరిగొచ్చాడు?"