చెవిలో చెలో

“‘పూలు చాలా బాగున్నాయి దోన్యా కూకా’ అను బాబాయ్,” అని తెర చాటునుంచి మైకులో గుసగుసలాడింది చెలో.

“మీ పాలు చాలా బాగుండేవి దోన్యా కూకా,” అన్నాడు ఎవరార్దో.

తెల్లపూల గుత్తి పట్టుకున్న పెద్దావిడ కూకా అంతకంటే తెల్లబోయింది.

“పాలేమిటి ఈయన మొహం,” అని గొణిగింది వెనకావిడ. “పూలన్నది సరిగ్గా వినబడలేదేమో,” అని సర్దిచెప్పింది ఎవరార్దో కూతురు యోలాందా.

చెలో నుదురు కొట్టుకుంది. మెక్సికో సీరియళ్లలో డైలాగు బట్టీ పట్టే ఓపిక ఎవరికుంది? నటుడి చెవిలో బుల్లి యంత్రం ఉంటుంది, చాటునుంచి ఒకరు అందిస్తారు, అతను పలుకుతాడు. ఏళ్ల తరబడి ఎవరార్దో చెవిలో చెలోనే.

పేరు ఎవరార్దో. తెరమీద చూసిన జనం మాత్రం ‘ఎవరో’ అనేవారు. డ్రైవరు, పెళ్లి చేసే పాదిరీ, బట్లరు. పాత్రలెప్పుడూ చిన్నవే, బట్లరుగా మోసిన పాత్రలే పెద్దవి. శవం వేషమిచ్చినా ప్రాణం పెట్టి చేసేవాడు.

ఇవాళ శవపెట్టెలో ఉన్నది వేషం కాదు. ఆయన భార్య తొమాసా. నిన్న పోయింది.

ఏడాదిగా ఆయన జ్ఞాపకం చిల్లుల సంచి. గుండె అంతకంటే అధ్వాన్నం. ఈ కబురు వింటే తండ్రి కూడా దక్కడని యోలాందా భయం. అలాగని ఆయనకి కడసారి చూపు లేకుండా చేయడానికీ మనసొప్పలేదు. అందుకే గది మూల ఒక కెమెరా నిలబెట్టింది, వచ్చినవాళ్లని గుమ్మంలోనే బతిమాలుకుంది, తండ్రికి మాత్రం షూటింగని చెప్పింది.

“భార్య పోయిన ముసలాయన వేషం నాన్నా. నువ్వే హీరోవి.”

ఆయన ఆమె మొహంలోకి కాసేపు చూశాడు. “ఇన్నాళ్లకి గుర్తొచ్చానన్నమాట,” అంటూ టై సర్దుకుని, యంత్రం తనే చెవిలో పెట్టుకున్నాడు. ఆ పని ఇంకొకర్ని చేయనివ్వడు.

ఇప్పుడాయన పెట్టె దగ్గరికి నడిచాడు. చెలో గొంతు సవరించుకుంది.

“‘నన్ను ఒంటరిని చేసి పోయావా’ అని భోరుమను బాబాయ్.”

ఆయన భోరుమనలేదు. పెట్టె అద్దం మీద అరచేయి ఆనించాడు.

“కాఫీలో దాల్చినచెక్క ఎక్కువైందని ఇంకెవరితో పోట్లాడను?”

చెలో తెర పక్కకి తీసి తొంగిచూసింది. ఏ పాత సీరియల్ ముక్కో తెచ్చి ఇక్కడ అతికిస్తున్నాడు. ‘కట్ చెప్పెయ్’ అని యోలాందాకి సైగ చేసింది. యోలాందా అప్పటికే వెక్కివెక్కి ఏడుస్తోంది.

ఆయన కూతురి తల నిమిరాడు. “బాగా చేస్తున్నావు తల్లీ. చాలా సహజంగా ఉంది.”

పెట్టె బండెక్కింది. కూకా తిన్నగా చెలో దగ్గరికొచ్చింది.

“ఆ పాల మాట నువ్వే అందించావా?”

“నేను పూలనే అన్నానండీ.”

“యోలాందా పుట్టినప్పుడు వాళ్లింట్లో పాలు పోసింది నేనే. మరి ఆ సంగతి ఆయనకెవరు చెప్పారు?”

చెలో ఎవరార్దో దగ్గరికి వెళ్లి చేయి చాపింది. ఆయన చెవిలోంచి తీసిచ్చిన యంత్రం విప్పింది. లోపల ఖాళీ.

“బ్యాటరీ ఏది బాబాయ్?”

అందరూ చూస్తుండగా ఆయన కోటు జేబులోంచి దాన్ని తీసి ఆమె అరచేతిలో పెట్టాడు.

“పొద్దున్నే తీసేశానమ్మా, నా భార్యకి నా మాటలే చెప్పాలని.”