విడి స్వరాలు

టేప్‌రికార్డర్‌లో సన్నాయి మోగుతోంది. పంచమం దగ్గర అది కాస్త వణికేసరికి పద్మనాభం చేత్తో చెవి మూసుకున్నాడు.

"కట్టండర్రా ఆ దరిద్రాన్ని" అన్నాడు.

మెట్టుగూడలో సన్నాయి మేళాల సంఘం సమావేశం అది. పోయిన వారం సైనిక్‌పురిలో ఓ సాఫ్ట్‌వేర్ కుర్రాడి పెళ్లికి మేళమే పెట్టలేదు. బల్ల మీద కంప్యూటరు, రెండు స్పీకర్లు. తాళి కట్టే వేళకు గట్టిమేళం కూడా అదే వాయించేసింది. ఆ మోతనే డోలు జంగయ్య రికార్డు చేసి తెచ్చాడు.

మొన్నటిదాకా కంప్యూటరు తనంతట తాను వాయించే మిడి పాటంటే తిరునాళ్లలో పిల్లలూదే బూరలా ఉండేది. విని నవ్వుకునేవారు. ఇప్పుడు సౌండ్‌ఫాంట్ అని ఒకటొచ్చి పడింది. అసలైన విద్వాంసుడి చేత ఒక్కో స్వరం విడిగా ఊదించి అందులో పెట్టుకుంటారు. ఇక ఏ అడ్డగాడిద మీటలు నొక్కినా అచ్చం సన్నాయే. స్టూడియో రాజేందర్ చేసిన పని ఇదే.

"ఊదినోడు మనోడే. ఎవడో ఇయ్యాల తేలాలె" అన్నాడు జంగయ్య.

ప్రమాణం చేయించడం అధ్యక్షుడి పని. పద్మనాభం సన్నాయి పట్టుకుని నిలబడ్డాడు. పదిమంది వచ్చి దాని మీద చెయ్యేసి నేను కాదన్నారు. ఆఖరున బిక్షం.

"నువ్వు రాజేందర్ స్టూడియో మెట్లు దిగుతుంటే చూశారంట. ఏటి పని?" అన్నాడు పద్మనాభం.

"ఎవడు ఊదిండో అడుగుదామని పోయిన పెద్దయ్యా. చెప్పలే. నా పిల్లల మీద ఒట్టు."

ముక్కు తుడుచుకున్న చేత్తోనే సన్నాయి ముట్టుకున్నాడు. పద్మనాభానికి రోత పుట్టింది. ఆ ఏడుపు, చుట్టూ మూగిన మొహాలు, మీగడ కట్టిన టీ, అన్నీ రోతే. ఆ స్వరాలు ఊదినవాడి మొహాన ఉమ్మెయ్యాలనిపించింది.

"ఇగ నమ్మాల్నా?" అన్నాడు జంగయ్య.

సంఘం వెలేస్తే డోలు దొరకదు. డోలు లేని సన్నాయిని ఏ పెళ్లివారూ పిలవరు. బిక్షానికి ముగ్గురు పిల్లలు.

"నాకు నేర్పింది నువ్వే గద పెద్దయ్యా. నేను గిట్ల చేసేటోన్నా? నువ్వు చెప్పు."

పద్మనాభం వాడి కళ్లలోకి చూడలేదు. "ఇక మీదట బిక్షానికి ఎవరూ డోలు వాయించకూడదు" అని, కిటికీలోంచి బయటికి ఉమ్మేశాడు.

బిక్షం తన సన్నాయిని తువ్వాల్లో చుట్టుకుని వెళ్లిపోయాడు.

ఇంటికొచ్చాక పద్మనాభం రెండుసార్లు నోరు పుక్కిలించాడు. చేదు పోలేదు. అంతలో ఫోను మోగింది. అవతల రాజేందర్.

"పెద్దసారూ, మీరు ఊదిన స్వరాలల్ల పంచమం ఒక్కటి జెర వణికింది, రేపు పొద్దుగాల వచ్చి మళ్లొకసారి ఊది పోతరా?"