టుల్లీ వీపు

"నా వల్ల కాదు బాబాయ్. నేను బస్సెక్కి ఇంటికి, నెబ్రాస్కా వెళ్లిపోతా."

మేకప్ గది గుమ్మంలో నిలబడి కొత్త నటి డొరీన్ గజగజ వణుకుతోంది. చేతిలోని కాఫీ గౌను మీద ఒలికేలా ఉంది. ఆంబ్రోస్ టుల్లీ ఆ కప్పు లాక్కుని పక్కన పెట్టాడు.

"వెళ్దువుగానిలే. ముందు ఈ కెమెరా టెస్టు కానీ. పాసయ్యావంటే ఏడేళ్ల కాంట్రాక్టు! దేశమంతా గోడల మీద నీ బొమ్మే!"

"ఫెయిలైతే?"

"నేనుండగానా? ఇప్పటికి పదకొండు మందిని గట్టెక్కించాను తల్లీ. పన్నెండోదానివి నువ్వు."

అవి గొప్పలు కావు. ఇరవై మూడేళ్లుగా హాలీవుడ్‌లో టుల్లీవన్నీ రెండు ముక్కల వేషాలే. జడ్జిగా బల్ల మీద కొట్టి "నిశ్శబ్దం" అనడం, సారా కొట్టువాడిగా "ఇంకో గ్లాసు పొయ్యనా" అనడం. అంతకు మించి మాటలిచ్చి కెమెరా మొహానికి గురిపెడితే చాలు, నాలుక పిడచకట్టుకుపోయేది. రెండు పెద్ద వేషాలు అలాగే చేజారాయని ఊరందరికీ తెలుసు. కానీ కొత్తవాళ్ల టెస్టుల్లో ఎదురుగా నిలబడి మాట అందించాలంటే అతన్ని మించినవాడు లేడు. అక్కడ కెమెరా అతని వెనక ఉండి, భుజం మీదుగా ఎదుటివాళ్లని చూస్తుంది. దానికి కనిపించేది టుల్లీ వీపు. ఆ వీపుకి భయమంటే ఏమిటో తెలియదు.

"జైలు నుంచొచ్చిన తండ్రిని కూతురు గుమ్మంలోనే ఆపేస్తుంది. అంతేగా సీను? నా కళ్లలోకి చూడు. ఏడిపించే పూచీ నాది, ఏడవడం నీ పని."

సెట్లో ఒక తలుపు, దాని పక్కన పల్చటి తెర కట్టిన కిటికీ. డొరీన్ ఆ గుమ్మంలో నిలబడింది. డైరెక్టర్ కెస్లర్ చుట్ట పక్కన పెట్టాడు.

"ఏం టుల్లీ, వీపుకి పౌడర్ రాశావా?"

అందరూ గొల్లుమన్నారు.

"నా వీపు సంగతెందుకు సార్? పిల్లని చూడండి, మేలిమి బంగారం!"

కెమెరా నడవడం మొదలైంది. రెండో మాటకే డొరీన్ తడబడి ఆగిపోయింది. అయ్యో, పిల్ల బతుకు బుగ్గయిపోతోంది! టుల్లీ ఇక ఆగలేదు. మోకాళ్ల మీద కూలబడ్డాడు.

"లోపలికి రానులే అమ్మా. తలుపు మాత్రం వెయ్యకు. నీ పొయ్యి మీద రొట్టె వాసన ఒక్కసారి చూసుకుని పోతా. పన్నెండేళ్లు ఆ వాసన కోసమే బతికాను..."

రెండు పేజీల మాటలు ఏటికి వరదొచ్చినట్టు వచ్చేశాయి. పైన దీపాలు చూసే మనిషి ముక్కు చీదాడు. డొరీన్ "నాన్నా!" అని బావురుమంది.

"కట్!"

చప్పట్లతో షూటింగ్ షెడ్డు దద్దరిల్లింది. టుల్లీ ఒక్క గంతు వేశాడు.

"చూశారా! ఎంత బాగా ఏడ్చిందో చూశారా! పాసేనా సార్? ఇప్పుడే చెప్పెయ్యండి, లేకపోతే బస్సెక్కేస్తుంది!"

కెస్లర్ కళ్లు తుడుచుకున్నాడు. "పాసే. తండ్రి వేషానికి మనిషి దొరక్క నాలుగు నెలలు చచ్చాం. ఇవాళ్టితో ఆ బెంగ తీరింది."

"తండ్రి వేషమేమిటి సార్? టెస్టు పిల్లది కదా?"

కెస్లర్ వెళ్లి కిటికీ తెర పక్కకు లాగాడు. అక్కడ ఇంకో కెమెరా సూటిగా టుల్లీ మొహంలోకే చూస్తోంది. టుల్లీ దాన్ని చూశాడు, కెస్లర్ని చూశాడు, సంతోషం తన్నుకొస్తుంటే గుండె మీద చెయ్యి వేసుకున్నాడు. అంతలోనే కంగారు పుట్టింది.

"మరి పాపం, ఈ పిల్ల గతేమిటి సార్?"

డొరీన్ కాంట్రాక్టు మీద సంతకం పెట్టి అప్పటికే వారమైంది.